దొంగ తొవ్వ చూపిన బొమ్మ రౌటర్

జర దగ్గరికి జరుగు బిడ్డా, ఆ ఫోన్ పక్కకు పెట్టు. మన లిదియా గుండె జారిన ముచ్చట చెప్త.

లిదియా హనుమకొండల ఒక దవాఖానల కంప్యూటర్ల నెట్‌వర్క్ చూస్తది. రౌటర్ అంటే కంప్యూటర్లకు తొవ్వ చూపే డబ్బా. పరీక్ష కోసం లిదియా ల్యాప్‌టాప్‌లనే బొమ్మ రౌటర్లు పెట్టుకొని నేర్చుకుంటాంది. వాటికి డబ్బా ఉండది, పని మాత్రం అసలుదానోలెనే చేస్తయి. మస్తు తేలిక, ఒత్తంగనే లేస్తయి.

ఆ పొద్దు కాజీపేటల వాళ్ల నాయిన దానియేలు మెట్ల మీద నుంచి పడ్డడు. తలకు దెబ్బ. అదే దవాఖానకు తెచ్చిండ్రు, స్కాన్ తీసిండ్రు. "డాక్టర్ చూస్తడు, కూసో" అన్నరు. మనసు నిలవక లిదియా తన సీట్ల కూసొని, ల్యాప్‌టాప్‌కు గోడ వైరు పెట్టి, బొమ్మలను లేపింది.

ఆ దవాఖానల అన్నం టైంకు కంప్యూటర్లు బంద్ పెట్టి, తిని వచ్చినంక లేపుతరు. ఆ పొద్దు గూడ అన్నీ ఒక్కసారే లేసినయి. ఇగ చూడు, గోల!

"స్కాన్ తెరుచుకుంటలేదు!" అని పైనుంచి కేక. అది చూడంది నాయిన తలకు కత్తి పెట్టనన్నడు డాక్టర్.

లిదియాకు పని నేర్పిన పాండురంగం ఉరికొచ్చిండు. "ఎవడో దొంగ తొవ్వ చూపుతాండు! కంప్యూటర్లన్నీ ఎటో పోతానయి."

లిదియా తన ల్యాప్‌టాప్ దిక్కు చూసింది. నిన్న ఇంట్ల బొమ్మకు ఇంటర్నెట్ కావాలని దాన్ని ల్యాప్‌టాప్‌కు పెట్టే అసలు వైరుకు కలిపింది, విడదీసుడు మరిచింది. ఇప్పుడు కంప్యూటర్లు "తొవ్వ ఎటు?" అని అడిగితే, దవాఖాన రౌటర్ కంటె ముందు బొమ్మనే జవాబు చెప్పింది. ఆ తొవ్వకు అవతల ఏం లేదు.

మెల్లగ వైరు పీకింది. ఎవ్వరు చూడలే. నోరు మూసుకుంటే కొలువు ఉంటది. కానీ దొంగ తొవ్వ పట్టిన కంప్యూటర్‌ను మళ్ల బంద్ చేసి లేపాలె. ఆ ముక్క చెప్తే, నీకెట్ల తెలుసంటరు.

నర్సు వినోద వచ్చింది. "అక్కా, మీ నాయిన మాట తడబడుతాంది."

"పాండురంగమన్నా! ఆ దొంగను నేనే, నా ల్యాప్‌టాపే! పైన కంప్యూటర్ బంద్ చేసి లేపు, జల్ది!" అని కేక పెట్టింది లిదియా.

తిట్టనీకి తెరిచిన నోరు అట్లనే ఉంచి పాండురంగం మెట్లెక్కి ఉరికిండు. స్కాన్ తెరుచుకున్నది. నాయినను ఆపరేషన్‌కు లోపలికి తీసుకపోయిండ్రు. లిదియా పీకిన వైరు చేతిల పట్టుకొనే "ప్రభువా, ప్రభువా" అనుకుంట కూసున్నది.

"రేపు పెద్దసార్ పిలుస్తడు. నేను గూడ వస్త. కొలువు సంగతి మాత్రం చెప్పలేను తల్లీ" అన్నడు పాండురంగం.

పొద్దుగూకేటాళ్లకు దానియేలు కన్ను తెరిచిండు. బిడ్డ మొఖం చూసి, "తిన్నవా?" అన్నడు. అప్పుడు ఏడ్చింది లిదియా.

ఇది మతిల పెట్టుకో బిడ్డా. అసొంటి బొమ్మలతోని నేర్చుకునే పిల్లలు కనవడితే కూసోబెట్టి ఈ ముచ్చట చెప్పు. లిదియా కేక పెట్టిన కాడ జర గట్టిగనే చెప్పు.