గుట్ట మీద జారుడుబల్ల

ఓడ కడుపులోంచి జారుడుబల్ల బయటికొచ్చినప్పుడు ముందు నవ్వింది మా బావే.

బావ, అంటే మా అక్క మొగుడు, రేవులో క్రేను నడుపుతాడు. అంత ఎత్తున గాజుగదిలో కూర్చుని కిందున్నవాళ్ళకి వినపడేలా నవ్వడం అతనొక్కడికే చేతనవును. పసుపుపచ్చ జారుడుబల్ల, దాని వెనకే ఎర్రరంగు ఉయ్యాల స్టాండు గాలిలో మెల్లగా తిరుగుతూ దిగుతుంటే, కూలీలు సరుకు అందుకోవడం మానేసి నోళ్ళు తెరుచుకుని చూశారు.

"ఏయ్ మరదలా! మొదట మీ పెద్దమ్మే జారాలని చెప్పు!" అని పైనుంచి అరిచాడు బావ.

నేను బడిపిల్లల్ని వెంటబెట్టుకుని మంచినీళ్ళ సీసాల కోసం వరుసలో నిలబడి ఉన్నాను. బల్లని చూడగానే ఆ వరుస కాస్తా చెదిరిపోయింది. "మన బడికే! మన బడికే!" అని ఒకటే గంతులు. ఊరికంతటికీ ఉన్నది గుట్ట మీది మా బడి ఒక్కటే. జారుడుబల్ల ఇంకెవరికొస్తుంది?

ఆ ఓడ పొరుగు దేశం పంపిన సాయం ఓడ. ఆ దేశాన్ని మా ఊళ్ళో ఎవరూ పేరుపెట్టి పిలవరు, పెద్దన్న అంటారు. గోడకి తగిలించిన మ్యాపులో మా దేశం బొటనవేలి కింద దాక్కుంటుంది. వాళ్ళది కప్పాలంటే రెండు అరచేతులూ చాలవు. మాకు సిమెంటూ మందులూ సినిమాలూ అక్కణ్ణించే వస్తాయి. పెద్దన్న అలిగితే అవేవీ రావు. ఎందుకలిగాడో మాకు ఎవరూ చెప్పరు. రాజధానిలో మనవాళ్ళు ఎవరో ఇంకో దేశంవాళ్ళతో నవ్వుతూ ఫొటో దిగి ఉంటారని మేమే అనుకుంటాం. ఒకసారి అలా ఆస్పత్రిలో మందులు నిండుకుని, మా అమ్మమ్మకి ఇంజెక్షన్ దొరకలేదు. ఆ అలకకి కారణమేమిటో ఇప్పటికీ మాకు తెలియదు.

అలాంటిది, తుపాను వెలిసిన మర్నాడే, మేం అడక్కముందే ఓడ వచ్చి నిలబడింది. రేవులో ఆడవాళ్ళు ఏడ్చేశారు. మా పెద్దమ్మ కూడా కళ్ళు తుడుచుకుంది.

పెద్దమ్మ మా బడి హెడ్మిస్ట్రెస్. ఇంట్లో పెద్దమ్మా అని, బడిలో మేడం అని పిలవాలి. పొరపాటున ఎప్పుడైనా తారుమారైతే మిగతా పిల్లలతో పాటు నాకూ తిట్లు పడతాయి, నేను అక్కడ టీచర్నయినా సరే. ఆవిడకి ఒక రూలుంది. మొదటి గంటకి పిల్లలు గుట్ట ఎక్కి ఉండాలి, రెండో గంటకి గేటు పడుతుంది. ఆలస్యమైనవాళ్ళు గేటు బయట తలలు దించుకుని వరుసగా నిలబడాలి. ఆవిడే స్వయంగా వచ్చి తీసేదాకా కిక్కురుమనకూడదు. ఊళ్ళో సగంమంది ఆ గేటు బయట నిలబడి పెద్దయినవాళ్ళే. "నా మెడ ఇలా ముందుకి వంగిపోయిందంటే అది అత్తయ్య చలవే" అంటాడు బావ. "నీ మెడ వంగింది బుద్ధి బరువుకి కాదులే అల్లుడూ" అంటుంది పెద్దమ్మ.

తుపానులో ఊరంతా కప్పులు లేచిపోయాయి. గుట్ట మీది బడి మాత్రం కిటికీ అద్దం కూడా పగలకుండా నిలబడింది. ఓడతో వచ్చిన కమాండరు, ఓడ వచ్చిన సాయంత్రమే మా ఇంటికొచ్చాడు. చెప్పులు గుమ్మం బయట విడిచి, తల వంచి లోపలికొచ్చాడు. మందులూ ఆహారమూ తడవకుండా దాచడానికి నాలుగు రోజులు బడి కావాలన్నాడు. అతను మా భాషలో మాట్లాడుతుంటే పెద్దమ్మ మురిసిపోయింది.

"ఇంత చక్కగా ఎక్కడ నేర్చుకున్నావు బాబూ?"

"మా దేశంలోనే మేడం. టీచర్ని పెట్టుకున్నాను. రెండేళ్ళయింది మొదలుపెట్టి. ఇంకా తప్పులొస్తాయి."

"తప్పులేం లేవు. మా పిల్లలకన్నా నువ్వే నయం."

బడి కమిటీని అడుగుదాం పెద్దమ్మా అని నేను గొణిగాను. "ఆకలితో ఉన్నవాళ్ళకి కమిటీ ఏమిటే?" అని కసిరి, మేకుకి తగిలించిన తాళంచెవి తీసి అతని చేతిలో పెట్టింది.

అప్పట్నుంచి మా బడి రేవులో చేపల వేలం షెడ్డులో నడుస్తోంది. కింద నేలంతా జిగట. నేను ఎక్కాలు చెబుతుంటే పక్కన మంచు పగలగొట్టే చప్పుడు. అక్కడ గేటు లేదు కాబట్టి పెద్దమ్మ రోజూ పొద్దున్నే గుమ్మానికి అడ్డంగా సుద్దముక్కతో గీత గీసేది. ఆలస్యమైనవాళ్ళు ఆ గీత అవతల తలలు దించుకుని నిలబడేవారు. చేపల కొట్టు వదిన వాళ్ళని దాటుకుని బుట్టలు మోస్తూ, "ఏం టీచరుగారూ, బడి మళ్ళీ పైకెప్పుడెక్కుతుంది? మా పిల్ల పుస్తకాలు వాసన చూసి మా పిల్లి వాటిమీదే పడుకుంటోంది" అని ఒకరోజు పెద్దమ్మని అడిగింది.

"సోమవారానికి పైనే ఉంటాం. నాదీ మాట," అంది పెద్దమ్మ, అందరూ వినేలా.

ఆ రాత్రి అన్నాల దగ్గర బావ ఒకటే నవ్వు. "ఇవాళ ఏం దించానో తెలుసా మరదలా? కర్టెన్లు! పూలపూల కర్టెన్లు, పెట్టెల నిండా. తర్వాత బట్టలుతికే మిషన్లు. పెద్దన్న మన ఇల్లాళ్ళ కష్టం చూడలేకపోతున్నాడు పాపం."

అక్క నవ్వలేదు. "కర్టెన్లు తగిలించడానికి మనకి కిటికీలేవీ?" అంది.

"చిన్న బెంచీలు కూడా వచ్చాయి. కొత్తవి, ఇంకా రంగు వాసన పోలేదు."

"చూశావా, బడికే!" అంది పెద్దమ్మ. "ఊరికే అనుమానాలు మీకు. ఇచ్చేవాడు మనసుతో ఇస్తుంటే పుచ్చుకోవడం కూడా చేతకాదు."

నాలుగు రోజులూ గడిచిపోయాయి. సోమవారం ఇంకా రెండు రోజులుందనగా పెద్దమ్మా నేనూ గుట్ట ఎక్కాం. పిల్లలు రాసిన థాంక్యూ కార్డులు నా సంచిలో ఉన్నాయి. అన్నిటి మీదా పసుపుపచ్చ జారుడుబల్ల బొమ్మే.

మలుపు తిరిగేసరికి దారికి అడ్డంగా ఇనుపకంచె ఉంది. మా పాత గేటుకి బాగా ఇవతల. కాపలా కుర్రాడు నవ్వుతూ గేటు తీసి లోపలికి పంపాడు. బడి గోడలకి తెల్లరంగు వేశారు. జారుడుబల్ల సరిగ్గా మేం ప్రార్థనకి నిలబడేచోట బిగించారు, దాని కాళ్ళ చుట్టూ సిమెంటు ఇంకా తడిగా ఉంది. తరగతి గదుల్లో కొత్త బెంచీలు. గోడకి కొత్త మ్యాపు, వాళ్ళ దేశానిది. నా క్లాసు కిటికీకి పూల కర్టెను. పెద్దమ్మ దాన్ని వేళ్ళ మధ్య పట్టుకుని చూసింది.

"బావుంది బాబూ. ఇంత ఖర్చెందుకు పెట్టుకున్నారు? మా పిల్లలు దీన్ని నిమిషంలో మసిగుడ్డ చేస్తారు."

కమాండరు ఆవిడ వంక చూశాడు. అర్థంకానట్టు కొంచెం నవ్వాడు. "మీ పిల్లలు కాదు మేడం. మా పిల్లలు. వచ్చే ఓడలో మా కుటుంబాలు దిగుతున్నాయి. మా ఆవిడ, మా ఇద్దరు పాపలు కూడా."

"చూసిపోవడానికా?"

"ఉండటానికి."

"ఎన్నాళ్ళు?"

అతని మొహంలో నవ్వు పోయింది. అది కోపం కాదు. నిజంగా ఇబ్బంది పడ్డాడు. అదే నన్ను ఎక్కువ భయపెట్టింది. "మేడం... మీ ప్రభుత్వం మీకు చెప్పలేదా? చెప్పారనుకున్నాను. ఆవేళ మీరే తాళం తీసి ఇస్తే, ఎంత పెద్ద మనసు అనుకున్నాను."

పెద్దమ్మ వంగి పక్కనున్న బెంచీ అంచు పట్టుకుంది. అది మొదటి తరగతి బెంచీ, ఆవిడ మోకాలి దాకా కూడా లేదు.

కమాండరు గబగబా లోపలికెళ్ళి వచ్చాడు. అతని చేతిలో మా తాళంచెవి. "ఇది మీది. మీకు అందజేయాలనే దాచాను. తాళాలన్నీ మార్చాం కాబట్టి మాకు పనిలేదు." రెండు చేతులతో ఇచ్చాడు, పెద్దవాళ్ళకి ఇవ్వాల్సినట్టే.

పెద్దమ్మ తీసుకుంది. "థాంక్స్ బాబూ" అంది. అలవాటు కొద్దీ వచ్చిన మాట అది. కార్డుల సంచి నా భుజానే ఉండిపోయింది. అలాగే గుట్ట దిగాం.

సాయంత్రం టీ కొట్టు రేడియో ముందు ఊరంతా చేరింది. గుట్ట, దాని చుట్టూ ఉన్న నేల తొంభై తొమ్మిదేళ్ళ లీజు. సంతకాలు ఎండాకాలంలోనే అయిపోయాయట, "తగిన సమయం కోసం" బయటపెట్టలేదట. గుట్ట మీంచి జలసంధిలో పోయే ప్రతి ఓడా కనిపిస్తుంది. కిటికీ పక్కన కూర్చున్న పిల్లలు ఎక్కాలు వదిలేసి ఆ ఓడలే చూసేవాళ్ళు, నేను తిట్టేదాన్ని. దానికి ఇంత ధర ఉంటుందని నాకేం తెలుసు?

తర్వాత పెద్దన్న మంత్రి గొంతు వినిపించింది. మంచి గొంతు, నిదానంగా, ఇంటి పెద్దలా మాట్లాడాడు. "పొరుగువారికి కష్టమొస్తే అందరికంటే ముందు చేరేది మేమే. అదే మా విదేశాంగ విధానం." వెనక చప్పట్లు. ఆ చప్పట్లలో మా మంత్రివి కూడా ఉన్నాయని రేడియో చెప్పింది.

బావ గాజుగదిలో నవ్వినట్టు నవ్వబోయాడు, నవ్వు రాలేదు. "అన్నీ నేనే దించాను. ఒక్క పెట్టె కూడా పడెయ్యకుండా, గుడ్లు దించినట్టు దించాను," అన్నాడు. తర్వాత "తుపాను కూడా వాళ్ళే పంపారంటావా?" అని నన్నడిగాడు.

"లేదు బావా. తుపాను దానంతటదే వచ్చింది. వాళ్ళు తయారుగా ఉన్నారు, అంతే."

చేపల కొట్టు వదిన మా వైపు తిరిగింది. "తాళం మీరే ఇచ్చారటగా టీచరుగారూ?" వెటకారమేం లేదు, నిజమో కాదో తెలుసుకోవాలని అడిగింది. అందరూ పెద్దమ్మని చూశారు.

"రెండేళ్ళు," అంది పెద్దమ్మ, వదినకి కాదు, ఎవరికీ కాదు. "రెండేళ్ళుగా మన భాష నేర్చుకుంటున్నానని చెప్పాడు. చెప్పుకోవడానికి సిగ్గుపడలేదు, దాచనూ లేదు. ఎందుకు నేర్చుకుంటున్నావు నాయనా అని అడగాలని నాకు తోచనే లేదు. తప్పుల్లేకుండా మాట్లాడుతున్నాడని సంతోషించాను."

సోమవారం షెడ్డులోనే తెల్లవారింది. బడి ఇక మనది కాదని పిల్లలకి ఇంకా ఎవరూ చెప్పలేదు. కుటుంబాల ఓడ ముందురోజే వచ్చింది. బావ ఆ రోజు ఒంట్లో బాగాలేదని క్రేను ఎక్కలేదు, వాళ్ళ క్రేనుతో వాళ్ళే దించుకున్నారు. పెద్దమ్మ ఎప్పట్లాగే గుమ్మానికి అడ్డంగా సుద్దగీత గీస్తోంది. అప్పుడే గుట్ట మీద గంట మోగింది.

మా బడిగంట. తాడుకి వేలాడదీసిన పాత ఇనుప పట్టా. దాని మోత ఈ ఊళ్ళో నిద్రలో కూడా ఎవరూ పొరబడరు.

పిల్లలు ఒక్క క్షణం ఒకరినొకరు చూసుకున్నారు. తర్వాత సంచులు భుజాన వేసుకుని సుద్దగీత దాటి పరుగు. "మేడం మాట నిలబెట్టారు! సోమవారం పైకే అన్నారుగా!" అని ఒకళ్ళు, "ముందు నేను జారతా!" అని ఇంకొకళ్ళు. ఆగమని అరవబోయాను. అప్పటికే వాళ్ళు రేవు దాటేశారు. పెద్దమ్మ చేతిలో సుద్దముక్క అలాగే ఉంది.

మేం వాళ్ళ వెనక గుట్ట ఎక్కుతుండగానే రెండో గంట మోగింది.

మలుపు తిరిగాం. ఇనుపకంచె గేటు మూసి ఉంది. లోపల ఎవరో పిల్లలు, తలలు నున్నగా దువ్వుకుని, జారుడుబల్ల మెట్ల దగ్గర తమ వంతు కోసం చూస్తున్నారు. ఒక పాప జారి, లేచి, మా వైపు చెయ్యి ఊపింది. కాపలా కుర్రాడు బిస్కెట్ల పొట్లం పట్టుకుని కంచె దాకా వచ్చి, ఏం చెయ్యాలో తెలియక ఆగిపోయాడు. మా పిల్లలు అతన్ని చూడటం లేదు.

గేటు బయట మా పిల్లలు వరుసగా నిలబడి ఉన్నారు. పొడుగువాళ్ళు వెనక, పొట్టివాళ్ళు ముందు. ఎవరూ చెప్పకుండానే అందరూ తలలు దించుకున్నారు. కిక్కురుమనడం లేదు.

పెద్దమ్మ కాళ్ళ చప్పుడు విని ముందు వరుస చివరనున్న చిన్నపిల్ల, తల ఎత్తకుండానే, "సారీ మేడం. పరిగెత్తాం, అయినా ఆలస్యమైపోయింది," అంది.

పెద్దమ్మ చెయ్యి సంచిలోకి పోయింది. తాళంచెవి బయటికి తీసి, చూసి, మళ్ళీ లోపల పడేసింది. ఆ పిల్ల గడ్డం కింద వేలు పెట్టి తల పైకెత్తింది. తర్వాత పక్కపిల్లది. ఆ తర్వాతవాడిది. ఒక్కొక్కరి తలా ఎత్తుతూ వరుస వెంట నడిచింది.

వరుస కొసకి చేరి వెనక్కి తిరిగేసరికి, మొదట ఎత్తిన తలలన్నీ మళ్ళీ కిందికి వాలిపోయి ఉన్నాయి.