పిట్ట ముట్టని కూడు

నలభై తొమ్మిదిలో కోదాడ పక్క పల్లెల్లో మిలిటరీ క్యాంపులు దిగినయి. తుపాకి పట్టినోణ్ణి ఎవడైనా గుర్తుపడతాడు. పొరుగింటి కన్నును గుర్తుపట్టుడే కష్టం.

సత్తెమ్మ మొగుడు ఎర్రయ్య, మిలిటరీ వెతుకుతున్న కమ్యూనిస్టు సంగం మనిషి. కాల్పుల్లో సచ్చిపోయిండని, అడవిలోనే పూడ్చినమని సంగమే పుకారు లేపింది, వెతుకుడు ఆపుతారని. నిజానికి అతను తొడలో తూటాతో, ఒళ్ళు కాలే జరంతో తన ఇంట్లోనే వడ్ల గుమ్మి వెనక పడి ఉన్నాడు.

సచ్చినోడికి మూడోనాడు పిట్టకు పెట్టాలె. పెట్టకుంటే ఎవరు నమ్ముతారు? సత్తెమ్మ బొట్టు తుడుచుకుంది, గాజులు పగలగొట్టుకుంది. వాకిట్లో విస్తరేసి బువ్వ, కోడికూర, కల్లు పెట్టింది. ఊరంతా చేరింది. క్యాంపు జమాదారు అరుగు మీద కూసున్నాడు.

కాకులు గోడ మీద వాలుతున్నయి, చూస్తున్నయి, లేచిపోతున్నయి. సచ్చినోడికి తీరని ఆశేదో ఉందని ముసలోళ్ళు గొణిగారు. జమాదారు విస్తరిని చూడటం మానేసి సత్తెమ్మ మొహం చూస్తున్నాడు.

పక్కింటి కృష్ణమ్మ తమ్ముడు ఆ క్యాంపులోనే వంట చేస్తాడు. ఆమె వంగి విస్తరి చూసింది.

"ఎండుచేపలు ఏవే సత్తీ? అవి లేంది బావ ముద్ద ముట్టెటోడా? మొన్ననే గద సంతల కొన్నవ్."

బతికున్న మొగుడికి ఇష్టమైన కూర సావు విస్తరిలో వెయ్యటానికి సత్తెమ్మకు చెయ్యి రాలేదు. చేసిన తప్పల్లా అదే.

"నువ్ గూసో. నేన్ దెస్త," అని కృష్ణమ్మ ఇంట్లోకి నడిచింది. ఆపితే అనుమానం. ఆపకుంటే గుమ్మి. సత్తెమ్మ ఏడ్చుడు మరిచింది. ముసలోళ్ళు వీపు నిమిరి, ఏడువు బిడ్డా అన్నారు.

కృష్ణమ్మ చానాసేపటికి వచ్చింది. ఎండుచేపల కూర విస్తరిలో వేసింది. కాకి దిగి ముక్క ఎత్తుకుపోయింది. జమాదారు లేచి పోయాడు.

జనం కదిలినంక కృష్ణమ్మ మెల్లగా అంది: "మా తమ్ముడు దినాం అడుగుతడు సత్తీ, మీ ఇంట్ల ఎవరెవరున్నరని."

బెదిరింపో, జాగ్రత్త చెప్పుడో సత్తెమ్మకు తెలియలేదు. అడిగితే ఒప్పుకున్నట్టే. అడగలేదు. పొద్దు గూకకముందే సత్తెమ్మ ఎర్రయ్యకు తన చీర కట్టి, నెత్తిన గడ్డిమోపు పెట్టి అనంతగిరి మీదుగా అడవి దారి పట్టించింది. అతను జరంతో వణుకుతూ, కుంటుతూ పోయాడు.

తెల్లారి జమాదారు వస్తాడని సత్తెమ్మ గడపలో కూసుంది. రాలేదు. నెల దాటినా రాలేదు. కృష్ణమ్మ ఎవరికీ చెప్పలేదు, చెప్పే ఉద్దేశమే ఆమెకు లేదు. గుమ్మి వెనకే ఉంచితే ఎర్రయ్య కోలుకునేటోడు.

ఎర్రయ్య కబురు అడవి నుంచి రాలేదు. జైలు నుంచీ రాలేదు.