దానయ్యకీ ఓబులేసుకీ నడుమ

నేను ఒక తాడును. పొడవు ఆరడుగులు, పేటలు మూడు. నౌకాదళ మ్యూజియంలో ఒక అద్దాల పెట్టెలో, వెండి పతకం పక్కన చుట్ట చుట్టుకుని ఉంటాను. చూడవచ్చినవాళ్లంతా పతకం ముందు నిలబడి ఫొటోలు దిగుతారు. దిగనివ్వండి. ఆ పతకం అంతా అయ్యాక తీరిగ్గా వచ్చింది. నీళ్లలో ఉన్నది నేను.

పుట్టింది నైలాను తాళ్ల ఫ్యాక్టరీలో. నాతోపాటు ఒకే చుట్టలో పుట్టినవాటిలో కొన్ని జెండాలు ఎగరేశాయి, కొన్ని అధికారుల బంగళాల్లో బనీన్లు ఆరేశాయి. నన్ను మెరైన్ కమాండోలకు జోడు తాడుగా ఇచ్చారు. నీళ్లకింద ఇద్దరు ఈదేటప్పుడు ఒకరి మణికట్టుకు నా ఒక కొస, రెండోవాడి మణికట్టుకు రెండో కొస. అక్కడ మాటలుండవు కాబట్టి నన్ను లాగి మాట్లాడుకుంటారు. ఒకసారి లాగితే ‘బాగున్నావా’ అని. నాలుగుసార్లు లాగితే ‘నన్ను వదిలేసి పో’ అని. ఈ రెండోది శిక్షణలో నేర్పడమే గాని ఎవరూ వాడగా నేను చూడలేదు. దళంలో మొదటి నియమం కూడా చెప్పాలి: జోడు తాడు తెంచినవాడికి దళంలో చోటు లేదు.

నా ఒక కొసన అర్జిల్లి దానయ్య. విశాఖ జాలరిపేట మనిషి, నడక కన్నా ముందు ఈత వచ్చినవాడు. రెండో కొసన ఓబులేసు. అనంతపురం జిల్లావాడు, దళంలో చేరేదాకా సముద్రం మొహం చూడలేదు.

“మీ ఊరిలోన నీలెక్కడివిరా, గలాసులోన ఈదీవోడివా?” అని దానయ్య ఏడిపించేవాడు.

“బాయిలో ఈదినోన్ని లేప్పా. మీ మాదిరి అలలు మోస్తే ఈత అనుకునేటోన్ని కాదు” అని ఓబులేసు తిప్పికొట్టేవాడు. వాళ్లను నేను ఎంచుకోలేదు. ఎంచుకోమన్నా వాళ్లనే ఎంచుకునేదాన్ని.

పక్క ద్వీపంలో అంతర్యుద్ధం జరుగుతున్న రోజులవి. శాంతి నెలకొల్పడానికి మనవాళ్లు వెళ్లారు. శాంతి కోసం మనుషులు ఎన్ని తుపాకులు మోసుకెళతారో చూసి నాకు నవ్వొచ్చింది. తిరుగుబాటుదార్ల పడవలకు బాంబులు అతికించి, తెల్లవారుతుండగా మావాళ్లిద్దరూ తిరిగి ఈదుతున్నారు. వెనక పడవలు పేలాయి. ఒడ్డు మీదినుంచి తూటాలు వచ్చాయి. ఒకటి ఓబులేసు తొడలో దిగింది.

అతను నన్ను నాలుగుసార్లు లాగాడు.

దానయ్య ఒకసారి లాగాడు. బాగున్నావా అని! ఓబులేసుకు ఒళ్లు మండి, నీళ్లపైకి తలెత్తి అరిచాడు. “ఇడ్సిపెట్టు రా! ఇద్దరమూ సచ్చేకన్నా నువ్వన్నా బతుకు!”

“నానొగ్గను” అన్నాడు దానయ్య.

అప్పుడు ఓబులేసు నడుమునున్న కత్తి తీసి నన్ను కోశాడు. ఒక పేట తెగింది. రెండోదీ తెగింది. దానయ్య గిరుక్కున తిరిగి ఆ కత్తి లాక్కుని నీళ్లలోకి విసిరేశాడు. అక్కణ్ణించి రెండు మైళ్లు నేను ఒక్క పేట మీద ఒక నిండు మనిషిని లాగాను. గొప్పలు చెప్పుకుంటున్నానా? చెప్పుకుంటాను.

తీరం చేరాక మెచ్చుకోళ్లు, దానయ్య పేరు పతకానికి సిఫారసు. అంతలో స్టోరువాళ్లు ఓబులేసు కత్తి ఏదన్నారు, సంజాయిషీ రాయమన్నారు. నిజం రాస్తే ఓబులేసు దళం నుంచి పోతాడు. “ఆ కత్తి నేనే తీసుకున్నాను, నా అజాగ్రత్త వల్ల పోయింది” అని దానయ్య రాసి సంతకం పెట్టాడు. యుద్ధంలో ఆయుధం పారేసుకున్నవాడికి పతకమేమిటని సిఫారసు ఆగిపోయింది. దానయ్యనే దళంలోంచి తీసేసే మాట వచ్చింది. విచారణకు ముందు సెలవు దొరికితే, నన్ను సంచిలో వేసుకుని ఇంటికెళ్లి తల్లి నూకాలమ్మ ముందు పెట్టాడు. ఆవిడది వలలు బాగుచేసే చెయ్యి.

“సేప కొరికింది కాదిది, కత్తి కోత. ఎవులు కోసేర్రా?”

“అడక్కమ్మా. కోత కనపడకుండా సేసీ.”

ఆవిడ నన్ను ఒళ్లో పెట్టుకుంది. తెగిన పేటలు విప్పి, ఒకదాంట్లో ఒకటి అల్లి, పైన సన్నదారంతో వలముడి వేసింది. అంత ప్రేమగా నన్నెవరూ పట్టుకోలేదు.

విచారణ రోజున నన్ను కమాండరు బల్లమీద పెట్టారు. ఎవరూ పిలవకుండానే ఓబులేసు ఆస్పత్రి నుంచి చంకకర్రతో వచ్చాడు. “సార్, తాడు కోసింది నేను. తీసేస్తే నన్ను తీసేయండి, వాన్ని గాదు.”

“ఆడికి జొరం సార్, ఏటో పేల్తన్నాడు” అన్నాడు దానయ్య.

కమాండరు నన్ను వేళ్లమధ్య తిప్పి చూసి, నౌకాదళంలో ఎవరూ వెయ్యని ఆ ముడి దగ్గర ఆగాడు. ఇదెవరు వేశారని అడిగాడు. దానయ్య ఈసారి నిజమే చెప్పాడు.

“మాయమ్మ, సార్.”

కోత దాచడానికే ఆ ముడి వేయించాడని కమాండరుకు అర్థమైంది. దళం మొదటి నియమం తన ప్రాణం కోసం తాడు తెంచేవాడికి గాని, ఎదుటివాడి ప్రాణం కోసం తెంచేవాడికి కాదని చెప్పి, ఇద్దరినీ పొమ్మన్నాడు.

ఆగిన సిఫారసు మళ్లీ కదిలి పతకమిచ్చిన రోజున, పళ్లెంలో దాని పక్కన నన్నూ పెట్టారు. ప్రశంసాపత్రం బిగ్గరగా చదివారు. ‘తోటి సైనికుడు తాడు కోస్తుండగా’ అన్నచోట దానయ్య తల దించుకున్నాడు. అంత కష్టపడి దాచింది వందలమంది ముందు బయటపడింది. కమాండరు పతకం అతని ఛాతీకి గుచ్చాడు. ఆ తర్వాత కార్యక్రమంలో లేని పని చేశాడు. చంకకర్ర మీద నిలబడ్డ ఓబులేసు దగ్గరికి నడిచివెళ్లి, ఆయనే ముందు సెల్యూటు చేశాడు.

ఓబులేసు కర్ర కుడిచేతి కింద ఉంది. తిరిగి సెల్యూటు చెయ్యాలంటే అది వదలాలి, వదిలితే పడతాడు.

దానయ్య వరస దాటి వచ్చి, ఆ కర్ర తీసుకుని, తన భుజం ఆనించాడు. ఓబులేసు చెయ్యెత్తాడు.

ఆజ్ఞ లేకుండా పరేడులో కదిలినందుకు దానయ్యను ఎవరూ సంజాయిషీ అడగలేదు.