సిస్టరమ్మ గదిలో ఏసీ

సిస్టరమ్మ పొద్దున్నే లేచి కుండీల్లో మొక్కలకి నీళ్ళు పోసేది. తమ్ముడికీ మరదలికీ భోజనం డబ్బాలు సర్ది పంపించేది. తమ్ముడు కళ్ళజోళ్ళ దుకాణం తెరవడానికి, మరదలు బడిలో లెక్కలు చెప్పడానికి వెళ్ళిపోయాక, ఇల్లంతా ఒకసారి తుడిచి తన గదిలోకి వెళ్ళి తలుపు దగ్గరగా వేసుకునేది. సాయంత్రం వాళ్ళు తిరిగొచ్చేసరికి ఎక్కడి వస్తువు అక్కడ ఉండేది. ఆవిడ ముఖం మీద ఎప్పుడూ ఉండే చిరునవ్వు కూడా ఉండేది. అది చిరునవ్వే. దానికి చలి రాదు.

చుట్టూ ఉన్నవాళ్ళకి చలి వేసేది ఆవిడ నోరారా నవ్వితే. పుట్టినప్పటి నుంచీ అంతే. చిన్నప్పుడు ఎండాకాలం కరెంటు పోతే ఇంటిల్లిపాదీ ఆవిడ చుట్టూ చేరి చక్కిలిగింతలు పెట్టేవాళ్ళు. ఆవిడ పకపకా నవ్వేది, అందరి చెమటా ఆరిపోయేది. తర్వాత నర్సు ఉద్యోగంలో చేరి ఏళ్ళ తరబడి జ్వరాల వార్డులో పనిచేసింది. ఆవిడ డ్యూటీలో ఉంటే పెద్ద డాక్టరు కోటు గుండీలన్నీ పెట్టుకుని మరీ రౌండుకి వచ్చేవాడు. సిస్టరమ్మ అన్న పేరు అక్కడ పడిందే. వీధి మొత్తానికీ ఆవిడ సిస్టరమ్మే.

భర్త పోయాక ఉద్యోగం మానేసి తమ్ముడి ఇంటికి వచ్చేసింది. అప్పటి నుంచి ఆవిడ నవ్వగా ఎవరూ వినలేదు. అక్క ఉండే గది పడమటి వైపుది, మధ్యాహ్నం దాటితే గోడ మీద చెయ్యి పెట్టలేం. అందుకని తమ్ముడు ఆ గదికి ఏసీ పెట్టించాడు. "నాకెందుకురా?" అందావిడ. "ఉండనీ అక్కా," అన్నాడు. గొంతు తగ్గించి ఆ ఒక్క మాటే అని దుకాణానికి వెళ్ళిపోయాడు.

ఆ ఏసీ కొన్నాళ్ళు బుద్ధిగా నడిచింది. ఈ ఏడు ఎండలు ముదిరాక దానికి ఏదో పట్టింది. మొదలవుతుంది, నాలుగు ఊపిర్లు తీస్తుంది, టక్కున ఆగిపోతుంది. మళ్ళీ మొదలవుతుంది, మళ్ళీ ఆగుతుంది. బయటి యూనిట్టు కింది వాటాలో టైలరు కిటికీకి సరిగ్గా పైన ఉంది.

"మీ ఏసీకి ఎక్కిళ్ళు పట్టాయండీ," అన్నాడు టైలరు మెట్ల దగ్గర. "అది ఆగినప్పుడల్లా నేనూ మిషను ఆపి పైకి చూస్తున్నాను. కుట్లు వంకర పోతున్నాయి."

సిస్టరమ్మ కంపెనీకి ఫోన్ చేసింది. అవతల ఒక మగ గొంతు, నిదానంగా, కాస్త బొంగురుగా ఉంది.

"ఏసీ ఆగి ఆగి నడుస్తోందా అమ్మా? దాని వయసెంత?"

"నాలుగేళ్ళుంటుందండీ."

"నాకు యాభై ఎనిమిది. నేనూ అలాగే నడుస్తున్నాను, మోకాళ్ళు. సరే, ముందు దానికి మనిషిని పంపిస్తాను. నా సంగతి తర్వాత చూద్దాం."

ఆ గొంతు గల మనిషిని ఆఫీసులో అందరూ బాబాయ్ అనేవాళ్ళు. కంప్లయింట్ల ఫోను దగ్గర కూర్చోవడం ఆయన పని. పెళ్ళి ఎందుకు చేసుకోలేదని ఎవరైనా అడిగితే, మర్చిపోయానని చెప్పేవాడు.

మర్నాడు మెకానిక్ వచ్చింది. ముప్పై దాటిన మనిషి, జుట్టు ముడిలో స్క్రూడ్రైవరు గుచ్చుకుని, భుజాన బరువైన సంచీతో. స్టూలెక్కి ఏసీ మూత తెరిచి చూసి అయ్యయ్యో అంది. ఫిల్టరు నిండా దుమ్ము దుప్పటిలా పేరుకుంది. గాలి ఆడక లోపలి గొట్టాల మీద మంచు కట్టింది.

"ముక్కులు మూసుకుపోతే ఏం చేస్తుందండీ పాపం?" అంటూ ఫిల్టరు కడిగి, మంచు కరిగేదాకా ఆగి, బయటి యూనిట్టు మీద మట్టి కూడా దులిపింది. ఏసీ హాయిగా నడిచింది.

వారం తిరక్కుండా టైలరు మళ్ళీ మెట్ల దగ్గర కాపు కాశాడు. ఎక్కిళ్ళు తగ్గలేదట.

ఈసారి తమ్ముడే ఫోన్ చేశాడు. మెకానిక్ గేజీ తగిలించి గ్యాసు చూసింది, సరిపడా ఉంది. కరెంటు హెచ్చుతగ్గులు చూసింది, లేవు. బయటి యూనిట్టు విప్పి, మోటారు కదలడానికి ఊతమిచ్చే కెపాసిటర్ని పరీక్షించింది, గట్టిగానే ఉంది. ఆవిడ ఉన్నంతసేపూ ఏసీ ఎంతసేపు నడవాలో అంతసేపు నడిచి, ఆగాల్సినప్పుడే ఆగింది.

"నేనుంటే వేషాలు వేయట్లేదు," అంది మెకానిక్ చిరాగ్గా. "నేను వెళ్ళగానే మొదలుపెడుతోంది."

తమ్ముడు ఆ రోజు దుకాణం మానుకుని మరీ ఇంట్లో ఉన్నాడు. "ఇలా ఆగి ఆగి నడిస్తే ఏమవుతుంది?"

"కంప్రెసరు దెబ్బతింటుంది. ఆగిన ప్రతిసారీ మళ్ళీ లేవడానికి దానికి శ్రమ కదండీ."

మళ్ళీ వచ్చినప్పుడు కొత్త సెన్సారు తెచ్చింది. గది చాలినంత చల్లబడిందా లేదా చూసి యంత్రానికి కబురు చెప్పే చిన్న ముక్క అది. పాతది తప్పుడు కబుర్లు చెబుతోందేమోనని దాన్ని తీసి కొత్తది పెట్టింది. తమ్ముడూ మరదలూ పనులకి వెళ్ళిపోయారు. మెకానిక్ బాల్కనీలోకి వెళ్ళి, బయటి యూనిట్టు పక్కన గోడకి ఆనుకుని, దాని చప్పుడు వింటూ కూర్చుంది. సద్దు చేయకుండా ఉండేసరికి ఆవిడ వెళ్ళిపోయిందనుకుంది సిస్టరమ్మ.

కాసేపటికి గదిలో ఫోన్ మోగింది. సిస్టరమ్మ ఏదో చీర మడత పెడుతున్నట్టుంది, ఫోన్‌ని మంచం మీద పెట్టి గట్టిగా వినపడేలా చేసింది.

"ఇవాళ ఎలా ఉందండీ మీ ఏసీ?" అంది బాబాయ్ గొంతు, రోజూ అడిగే అలవాటున్నట్టు.

"నీరసంగా ఉందండీ."

"భోంచేసిందా?"

లోపల కిసుక్కుమన్న చప్పుడు.

"పొద్దున ఒకాయన ఫోన్ చేశాడండీ. రిమోటు పనిచేయట్లేదు అంటాడు. బ్యాటరీలు మార్చారా అంటే మార్చాను అంటాడు. గోడకి దగ్గరగా నిలబడి నొక్కారా అంటే నొక్కాను అంటాడు. అరగంట నన్ను కాల్చుకుతిని ఆఖర్న చెప్పాడు. ఏసీ ఇంకా కొనలేదట! రిమోటు మాత్రం వాళ్ళ బావమరిది ఇచ్చాడట!"

సిస్టరమ్మ నవ్వింది. కడుపు పట్టుకుని, ఆపుకోలేక, ఆయాసపడుతూ నవ్వింది. కిటికీ రెక్కల సందులోంచి చల్లగాలి దూసుకొచ్చి మెకానిక్ మోచేతి మీద రోమాలు నిక్కబొడుచుకున్నాయి. పక్కనే యూనిట్టు టక్కున ఆగింది. నవ్వు సద్దుమణిగింది. గోడలో దాచుకున్న ఎండ మళ్ళీ గదిని వేడెక్కించింది. యూనిట్టు మొదలైంది. బాబాయ్ ఇంకో ముక్క అన్నాడు. టక్.

మెకానిక్ లేచి బట్టలు దులుపుకుని గదిలోకి వచ్చింది. సిస్టరమ్మ ఉలిక్కిపడి ఫోన్ కట్టేసి తలగడ కింద పెట్టింది.

"లోపం ఏమీ లేదమ్మా," అంది మెకానిక్. "సెన్సారు ఉన్నమాటే చెబుతోంది. మీరు నవ్వితే గది చల్లబడుతోంది, అది ఆగుతోంది. మీరు ఆపితే అది మొదలవుతోంది. దాని పని అది చేసుకుంటోంది."

"తమ్ముడికి చెప్పకమ్మా."

"నవ్వితే తప్పా ఏంటి?"

"తప్పని కాదు. ఎవరితో అని అడుగుతారు కదా."

"నేను అడగక్కర్లేదు. రోజూ పొద్దున్నే నాకు పని అప్పజెప్పేది ఆ గొంతే." మెకానిక్ స్క్రూడ్రైవరు తీసి మళ్ళీ ముడిలో గుచ్చుకుంది. "బాబాయ్ శనివారం వెళ్ళిపోతున్నాడండీ. కంప్లయింట్ల విభాగాన్ని వేరే ఊరికి మార్చేశారు. గంటల తరబడి ప్రయాణం చేయాలి అక్కడికి. మీకు చెప్పలేదా?"

"చెప్పలేదు," అంది సిస్టరమ్మ. ముఖం మీద చిరునవ్వు అలాగే ఉంది.

సాయంత్రం ఆఫీసుకి వెళ్ళి మెకానిక్ బాబాయ్‌కి కూడా ఉన్న సంగతి చెప్పింది. ఆయన చాలాసేపు పెన్ను మూత పెడుతూ తీస్తూ కూర్చున్నాడు.

"అంటే ఇన్నాళ్ళూ ఆ కంప్రెసర్ని పాడుచేస్తున్నది నేనా?"

"నేనన్నది అది కాదు బాబాయ్."

"పోయేవాణ్ణి ఎలాగూ పోతున్నాను. ఆవిడకి లేనిపోని ఇబ్బంది ఎందుకు?"

ఆ తర్వాత ఆయన ఆ ఇంటికి ఫోన్ చేయలేదు. వెళ్ళిపోతూ ఒక్క మాటైనా చెప్పని మనిషికి తానెందుకు చేయాలని సిస్టరమ్మ కూడా చేయలేదు. ఇల్లు తుడుచుకుంది, మొక్కలకి నీళ్ళు పోసుకుంది, మధ్యాహ్నాలు గోడ వైపు తిరిగి పడుకుంది. ఏసీ ఎక్కిళ్ళు లేకుండా, అటూ ఇటూ పోకుండా ఏకధాటిగా నడిచింది. ఎండ ఎక్కువ కావడంతో అసలు ఆగనే లేదు. టైలరు సంతోషించాడు.

అందరికంటే ఎక్కువ సంతోషించింది తమ్ముడు. కృతజ్ఞత దాచుకోలేని మనిషి. శనివారం దుకాణానికీ, మరదలి బడికీ సెలవు కావడంతో పొద్దున్నే కంపెనీకి ఫోన్ చేశాడు. అక్కడ బాబాయ్ బల్ల సొరుగు ఖాళీ చేస్తున్నాడు. పక్కన పెట్టె కట్టి సిద్ధంగా ఉంది.

"కంప్లయింటు కాదండీ," అన్నాడు తమ్ముడు. "మీ మెకానిక్ బంగారం. మా అక్క గదిలో ఏసీ బ్రహ్మాండంగా నడుస్తోంది. ఆగడమే లేదు!"

"ఆగడమే లేదా?"

"ఒక్కసారి కూడా లేదండీ!"

"మధ్యాహ్నం పూట కూడానా?"

"చెబుతున్నా కదండీ, ఎప్పుడూ ఆగట్లేదు!"

అవతల నుంచి మాట లేదు. లైను తెగిందనుకుని తమ్ముడు పెట్టేశాడు.

భోజనాల వేళకి తలుపు తట్టిన చప్పుడైంది. గుమ్మంలో పొట్టిగా, బట్టతలతో, చెమటలు కక్కుతూ ఒకాయన, చేతిలో పెట్టె.

"ఏసీ కంపెనీ నుంచండీ. కంప్లయింటు చూడ్డానికి వచ్చాను."

"కంప్లయింటు ఏమీ లేదే? పొద్దున చెప్పాను కదా, ఆగకుండా నడుస్తోందని."

"అదేనండీ కంప్లయింటు," అన్నాడాయన.

ఆ గొంతు విని సిస్టరమ్మ గదిలోంచి వచ్చింది. ఆ గొంతుని బట్టి ఆవిడ పొడుగాటి, బక్కపల్చటి మనిషిని ఊహించుకుంది. గుమ్మం వైపు చూసింది, ఇంకా వెనకెవరైనా ఉన్నారేమోనని చూసింది.

బాబాయ్‌కి అర్థమైంది. "ఫోన్‌లో పొడుగ్గా ఉంటానండీ," అన్నాడు.

సిస్టరమ్మ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది కానీ లాభం లేకపోయింది. నవ్వు వేళ్ళ సందుల్లోంచి వచ్చేసింది. హాల్లో కర్రలా నిలబడ్డ తమ్ముడి చెవులకి చల్లగా తగిలింది. గదిలో ఏసీ ఆగింది. వంటింట్లోంచి మరదలు గరిటె పట్టుకునే పరిగెత్తుకొచ్చి, "వదినా!" అని మాత్రం అనగలిగింది.

విషయం అంతా బయటపడడానికి ఎంతోసేపు పట్టలేదు. ఎక్కిళ్ళ సంగతీ, ఫోన్ల సంగతీ, మధ్యాహ్నం బస్సుకి బాబాయ్ ఊరు మారుతున్న సంగతీ అన్నీ విని తమ్ముడు సోఫాలో కూర్చుండిపోయాడు. కోపం లేదు కానీ మనసు ఎక్కడో చివుక్కుమంది.

"మేమిద్దరం ఇంట్లోనే ఉన్నాం కదక్కా. మాతో ఒక్కసారి కూడా ఎందుకు నవ్వలేదు?"

సిస్టరమ్మ వెళ్ళి తమ్ముడి పక్కన కూర్చుంది.

"ఆయన పోయిన దగ్గర్నుంచీ మీరు నా ముందు గొంతు తగ్గించి మాట్లాడుతున్నారురా. మీ గదిలో మీరిద్దరూ నవ్వుకోవడం వినిపించేది. నేను లోపలికి వస్తే ఆపేసేవాళ్ళు. నన్ను బాధపెట్టకూడదనే, నాకు తెలుసు. కానీ మీరు ఆపేస్తే ఒక్కదాన్నే ఎలా నవ్వను?" బాబాయ్ వైపు చూపించింది. "ఈయనకి నేనెవరో తెలీదు. అందుకని మోకాళ్ళ గురించి జోకు వేశాడు."

తమ్ముడు కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. పెట్టుకున్నాడు, మళ్ళీ తీసి తుడుచుకున్నాడు. మరదలు బాబాయ్ చేతిలో పెట్టె అందుకుని గోడ వారగా పెట్టి, నాలుగో కంచం తెచ్చింది.

భోజనాల దగ్గర మొదట కాసేపు అందరూ బిడియంగా తిన్నారు. తర్వాత తమ్ముడు గొంతు సవరించుకుని, దుకాణానికి వచ్చిన ఒకాయన గురించి చెప్పడం మొదలుపెట్టాడు. ఆయన కళ్ళజోడు పెట్టుకుని కళ్ళజోడు కోసం వెతుక్కున్నాడట. అలవాటు తప్పిపోవడంతో అసలు సంగతి ముందే చెప్పేసి, తర్వాత కథంతా చెప్పాడు. మరదలు తల పట్టుకుంది. అది చూసి సిస్టరమ్మకి నవ్వాగలేదు. బాబాయ్ చొక్కా పై గుండీ పెట్టుకుని, ఏమీ జరగనట్టు అన్నం కలుపుకున్నాడు.

గడియారం వైపు ముందు చూసింది మరదలు.

"అయ్యో, మీ బస్సు వెళ్ళిపోయుంటుందండీ!"

"వెళ్ళిపోయుంటుందండీ," అన్నాడు బాబాయ్, తల ఎత్తకుండా.

"మళ్ళీ ఎప్పుడుంది?" అని అడిగాడు తమ్ముడు.

"రేపు ఇదే వేళకి ఉంది."

సిస్టరమ్మ గిన్నె దగ్గరికి లాక్కుని, బాబాయ్ కంచంలో ఇంకో గరిటె వడ్డించింది.

"దాన్ని కూడా వెళ్ళిపోనివ్వండి," అంది.