షహనాజ్ విన్న ఫోను గోడు

జూలై వచ్చిందంటే సత్తెనపల్లిలో షహనాజ్ కొట్టు కిటకిటలాడిపోతుంది. బల్లకి ఒక పక్క ఫోన్ల రిపేరు, ఇంకో పక్క ఇన్‌కం టాక్స్ రిటర్నులు. ఫోను చెడితే షహనాజ్ ముందు దాన్ని చెవికి ఆనించుకుంటుంది. తనకేమైందో ఫోనే చెబుతుంది. ఆ కాసేపూ పత్తి విత్తనాల సంచులతో వచ్చిన రైతులు కూడా, డాక్టరు నాడి చూస్తున్నట్టు, మాటలాపి నిలబడతారు.

ఆ రోజు ఫెబా టీచరు రిటర్ను వేయించుకోడానికి వచ్చింది.

"మా స్కూలు వాళ్లు జీతంలోంచి పన్ను కోసేశారు కదమ్మా. మళ్లీ ఇదెందుకు?"

"కోసింది చాలిందో, ఎక్కువైందో తేలాలిగా టీచర్ గారూ. బ్యాంకులో డిపాజిట్ ఉందా? దాని వడ్డీ కూడా చూపించాలి."

"ఉంది. ఇంటిస్థలం కొందామని ఏళ్ల తరబడి దాచుకున్నా."

పోర్టల్లోకి వెళ్లడానికి ఓటీపీ కావాలి. ఎంతసేపు చూసినా ఫెబా ఫోనుకి రాలేదు.

"మా తమ్ముడు మార్క్ మొన్న కంపెనీ సాఫ్ట్‌వేర్ తీసేసి, నెట్‌లో దొరికిందేదో ఎక్కించాడు. ఫోను భలే స్పీడైంది గానీ, అప్పట్నుంచీ బ్యాంకు యాప్ తెరుచుకోవట్లేదు," అంది ఫెబా.

షహనాజ్ ఫోను చెవికి ఆనించుకుంది. మొహం మారిపోయింది.

"ఏమంటోంది?"

"ఏడుస్తోంది. 'నా తాళం తీసి తలుపులు బార్లా తెరిచారు. వచ్చిన మెసేజీ వచ్చినట్టే ఎవడో పట్టుకుపోతున్నాడు. టీచరమ్మకి ఒక్కటీ మిగలనివ్వట్లేదు' అంటోంది."

షహనాజ్ తడబడలేదు. సిమ్ తీసి తన బటన్ల ఫోనులో వేసింది. బ్యాంకుకి ఫోను చేయించి ఖాతా ఆపించింది.

"సమయానికి చేశారండీ," అన్నాడు అవతలి ఉద్యోగి. "మీ డిపాజిట్ మూసేసి సొమ్ము వేరే ఖాతాకి పంపమని ఇప్పుడే ఎవరో రిక్వెస్ట్ పెట్టారు. ఆపేశాం."

ఫెబా షహనాజ్ చెయ్యి గట్టిగా పట్టుకుంది. ఎంత మందిని చూసింది తను! ఇంత నిబ్బరం ఎక్కడా చూడలేదనుకుంది.

ఆ బటన్ల ఫోనుకే ఓటీపీ వచ్చింది. రిటర్ను వెళ్లింది. ఫెబా లేవబోతుంటే షహనాజ్ ఆపింది.

"వెరిఫై చేయకపోతే పంపనట్టే లెక్కండీ. కూర్చోండి."

అదీ అయ్యాక షహనాజ్ ఫెబా ఫోను తీసుకుని మళ్లీ చెవికి ఆనించుకుంది.

"కంపెనీ సాఫ్ట్‌వేర్ మళ్లీ ఎక్కిస్తే ఇందులో ఉన్నవన్నీ చెరిగిపోతాయి. మధ్యలో తేడా వస్తే అసలు లేవకపోవచ్చు కూడా. దాన్నే అడిగాను."

"ఏమంది?"

"'లేవకపోయినా సరే, టీచరమ్మ సొమ్ము దోచేవాడికి దారి మాత్రం కాను' అంది."

ఫెబా నెమ్మదిగా తలూపింది. షహనాజ్ ఎక్కించడం మొదలుపెట్టింది. తెర నల్లబడింది. చాలాసేపు అలాగే ఉండిపోయింది. ఫెబా లోలోపలే ప్రార్థన చేసుకుంది. చివరికి తెర వెలిగింది.

షహనాజ్ చెవికి పెట్టుకుని నవ్వింది. "ఎదురుగా ఉన్నావిడ ఎవరని అడుగుతోంది."

"ఏం చెప్పావు?"

"నువ్వు ప్రాణానికి తెగించి కాపాడిన మనిషి అన్నాను."

ఏ భాష కావాలో ఎంచుకోమంది తెర. ఫెబా కళ్లు తుడుచుకుని, పసిపిల్ల బుగ్గ తాకినట్టు, తెలుగు మీద వేలు పెట్టింది.