చీలమండల టోలివర్

అది ఇరవై మూడో కాలు. యూస్టిస్ టోలివర్ ఆ మడమను తన తొడమీద ఆనించుకుని, అరికాలి కిందనుంచి తెల్లటి పట్టీని లాగి, చీలమండ చుట్టూ తిప్పి, మళ్లీ మడమ కిందికి తెచ్చాడు. ఎక్కడా ముడత పడలేదు. పట్టీని ఆయన కత్తెరతో కత్తిరించడు. బొటనవేలి గోటితో చటుక్కున చించుతాడు. పాతికేళ్లుగా అదే పని చేసి ఆ గోరు గిట్టలా గట్టిపడింది.

"ఏంటి పెద్దాయనా ఇంత బిగించావు, రక్తం ఆడట్లేదు!" అన్నాడు బల్లమీది ఆటగాడు.

"నోరు బాగానే ఆడుతోందిగా బాబూ. దిగు."

గదంతా గొల్లున నవ్వింది.

నది ఒడ్డున ఉన్న ఆ సైనిక అకాడమీ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు 1944లో ఒక్క ఆటా ఓడలేదు. కోలబంతిని చంకన పెట్టుకుని వాళ్లు పరుగెత్తుతుంటే దేశమంతా రేడియోల ముందు కూర్చుంటోంది. తానూ విన్నానని, ఫ్రాన్సులో సైన్యం లారీ తోలుతున్న టోలివర్ కొడుకు లెమ్యుయెల్ ఉత్తరం రాశాడు. టోలివర్ మాత్రం ఒక్క ఆటా చూడలేదు. ఆయన పని ప్రేక్షకులు కూర్చునే మెట్లకింది గదిలో. పైన తనలాంటి నల్లవాడికి చోటుంటుందని ఆయన అనుకోలేదు, రమ్మని ఎవరూ అనలేదు. కేకల్ని బట్టే ఎవరు గెలుస్తున్నారో చెప్పేవాడు.

యుద్ధం కోసం నాలుగేళ్ల చదువును మూడేళ్లకు కుదించారు. ఆడిన పిల్లలు ఏడాది తిరక్కుండానే ఓడలెక్కుతున్నారు. భోజనశాల గోడమీద చనిపోయినవాళ్ల జాబితా పెట్టినప్పుడల్లా ఆయన వేలు పెట్టి మెల్లగా చదివేవాడు. ముఖాలు గుర్తొచ్చేవి కావు. ఇతనిది కుడికాలు పాత బెణుకు, ఇతనికి మడమ ఎముక బయటికుంటుంది అని కాళ్లే గుర్తొచ్చేవి.

జట్టు మైదానంలోకి వెళ్లాక గుమ్మం దగ్గర చంకకర్రల చప్పుడైంది. రెండేళ్ల కిందట జట్టుకు కెప్టెన్‌గా ఆడిన హాల్డేన్ ప్రూయిట్. ఎడమ పంట్లాం మోకాలి కిందికి మడిచి, పిన్నుతో గుచ్చి ఉంది.

"కూర్చోండి, లెఫ్టినెంట్ గారూ."

"ఏంటి, కొత్తగా గారూ గీరూ? మంచి కబురు తెచ్చాను పెద్దాయనా. ఇక నా మీద నీకు సగం పట్టీయే ఖర్చు."

టోలివర్ నవ్వలేదు. "ఏ ఊళ్లో పోయింది?"

"ఊరి పేరు కూడా తెలీదు. ఏదో దుంపల పొలం."

ప్రూయిట్ బల్లమీద కూర్చుని, మిగిలిన కాలు చాచాడు. "దీనికి కట్టు. బరువంతా దీనిమీదే. నన్ను మైదానంలోకి పిలుస్తున్నారు, పైన గడ్డి తడిగా ఉంది. అంతమంది ముందు పడకూడదు."

టోలివర్ ఆ మడమను తొడమీదికి తీసుకున్నాడు. ఆ రోజు ఏ కాలికీ పట్టనంత సేపు పట్టింది. చివరి చుట్టు మీద అరచెయ్యి ఉంచి, "నీ ఎడమది మంచి చీలమండ బాబూ. రెండేళ్లలో ఒక్కసారీ బెణకలేదు," అన్నాడు.

ప్రూయిట్ టోపీతో ముఖం కప్పుకున్నాడు. ఆ చాటునుంచే, "నువ్వు కట్టావు కదా," అన్నాడు.

అతను వెళ్లాక పైన జనం లేచి చాలాసేపు చప్పట్లు కొట్టారు. ఆటకు కొట్టే చప్పట్లు అలా ఉండవని టోలివర్‌కి తెలుసు. పలకల సందుల్లోంచి దుమ్ము రాలింది. ఎన్నడూ లేనిది, ఆయన బూట్లు విప్పి, ఆ బల్లమీద తానే వెల్లకిలా పడుకున్నాడు.

జట్టు అరుస్తూ తిరిగొచ్చింది. "లే పెద్దాయనా, గెలిచాం!" అంటూ ముందున్నవాడు భుజం తట్టి, చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. వెనకవాళ్ల కేకలు ఒక్కొక్కటే ఆగిపోయాయి.

గుండె జబ్బు అన్నాడు డాక్టరు. చాలాకాలంగా ఉండి ఉంటుందన్నాడు. అప్పుడు చూశారందరూ ఆయన పాదాలను, మొదటిసారి. చీలమండలు రెండూ ఉబ్బి ఉన్నాయి. మేజోళ్ల అంచు లోతుగా దిగి గాడి పడింది. జట్టుతోపాటు తిరిగొచ్చిన ప్రూయిట్ తన కోటు విప్పి వాటిమీద కప్పాడు.

బల్లకింద ఆయన బూట్లు పక్కపక్కనే ఉన్నాయి. వాచిన పాదాలు పట్టడానికి రెండింటినీ పక్కలకు బ్లేడుతో చీల్చుకున్నాడు. ఎవరికీ కనబడకుండా, కోసిన అంచులకు కూడా శ్రద్ధగా నల్లరంగు పూసి ఉంది.