ముందు గది వరకే

బగారా అన్నం దించే వేళకు తోమాసు ఖాళీ చేతులతో వచ్చాడు.

వాకిట్లో షామియానా వేసి ఉంది. కిరాయి కుర్చీల నిండా జనం. పాస్టరుగారు పాటల పుస్తకం తెరిచి పట్టుకుని నిలబడ్డారు. ఆ రోజు తోమాసు, సీతమ్మల ఇంట్లో కృతజ్ఞతా కూడిక. పెళ్లికి కాదు, పుట్టినరోజుకు కాదు, ఇంటి లోను తీరిపోయినందుకు. పదేళ్ల కిస్తీలు ఆ నెలతో అయిపోయాయి. పొద్దున్నే తోమాసు శంషాబాద్‌లో ఉన్న ఫైనాన్స్ ఆఫీసుకు పోయి ఇంటి కాగితాలు తెస్తాడని, పాస్టరుగారు వాటి మీద చెయ్యి పెట్టి ప్రార్థన చేస్తారని, ఆ తర్వాత అందరూ కడుపునిండా తింటారని అనుకున్నారు.

సీతమ్మ మొగుడి ముఖం చూసింది.

"కాగితాలేవి?"

"ఇయ్యలె."

"సారు లేడా?"

"ఉన్నడు. ఇంకా ఆరు లక్షలు కట్టాల్నంట."

పక్కింటి సత్తెమ్మ గంటె పట్టుకుని పొయ్యి దగ్గర ఉంది. తోమాసు పరాచికం ఆడుతున్నాడనుకుని నవ్వింది. అతను నవ్వకపోవడం చూసి ఆపేసింది. పాస్టరుగారు పుస్తకం మూసేశారు. వండిన అన్నం పారేయలేరు గనుక అందరూ తిన్నారు. దినానికి వచ్చినవాళ్లలా తలలు వంచుకుని తిన్నారు.

తీసుకున్నది తొమ్మిది లక్షలు. కట్టింది పదిహేను. ఇంకా కట్టాల్సింది ఆరు. ఇదెక్కడి లెక్క అని మీరు అడగొచ్చు. కార్మికుడికి ఇల్లు కట్టిస్తామని చెప్పుకునే ప్రతి కంపెనీ లెక్కా ఇదే.

మంఖాల్ దారిలో ఉంది ఆ కాలనీ. వెంచర్ వేసినవాడు దానికి రన్‌వే ఎన్‌క్లేవ్ అని పేరు పెట్టాడు. తలమీద నుంచి విమానాలు పోవడం తప్ప పేరుకు తగ్గదేమీ లేదక్కడ. ఉన్నవాళ్లంతా ఎయిర్‌పోర్టులో కాంట్రాక్టు పనులవాళ్లు. తోమాసు ట్రాలీలు నెడతాడు. సీతమ్మ పార్కింగు ఊడుస్తుంది. సత్తెమ్మ లాన్లలో కలుపు తీస్తుంది, ఆమె మొగుడు ఐలయ్య వాటికి నీళ్లు పడతాడు. ఒకప్పుడు జొన్న వేసుకున్న తన చేనెక్కడో ఆ గడ్డి కిందనే ఉందని అతనికి తెలుసు, ఎవరితోనూ అనడు.

వీళ్లందరికీ ఇళ్లకు అప్పిచ్చింది గృహసుధ ఫైనాన్స్ అనే కంపెనీ. అప్పు అంటే మనవాళ్లు భయపడతారు. అదే లోను అనండి, కుర్చీ వేసి కూర్చోబెడతారు. ఒకరి లోనుకు పక్కింటివాళ్లు, వాళ్లు కట్టకపోతే మేం కడతామని, జమానతు సంతకం పెట్టాలన్నది కంపెనీ పద్ధతి. తోమాసుకు ఐలయ్య పెట్టాడు, అయిదేళ్ల తర్వాత ఐలయ్యకు తోమాసు పెట్టాడు. సంతకం పెట్టిన రెండుసార్లూ ఇద్దరూ కలిసి చాయ్ తాగారు.

చిట్టీలు ఎరిగిన జనం కావడమే వీళ్ల కొంప ముంచింది. సత్తెమ్మ ఏటేటా చిట్టీ నడుపుతుంది. పాట పాడి ముందు ఎత్తుకున్నవాడికి నష్టమెంతో ఆ రోజే తెలిసిపోతుంది. ఆ తర్వాత నెలలు తరుగుతాయే గాని పెరగవు. లోనంటే పెద్ద చిట్టీ అనుకున్నారు. ముందే ఎత్తుకున్నాం, నెలలు లెక్కబెట్టుకుంటూ కడితే అయిపోతుందనుకున్నారు. కిస్తీ పదేళ్లలో ఒక్క రూపాయి పెరగలేదు. పెరగలేదు గనుక ఏమీ మారలేదని నమ్మారు. అక్కడే ఉంది కిటుకు. వడ్డీ పెంచినప్పుడల్లా కంపెనీ కిస్తీని ముట్టుకోలేదు, వెనకనుంచి నెలలు కలుపుతూ పోయింది. కరోనాలో విమానాలు ఆగి జీతాలు ఆగినప్పుడు, ఆరు నెలలు కట్టకపోయినా పర్వాలేదని ఒక అమ్మాయి ఫోను చేసి చెప్పింది. దేవుడు నిన్ను చల్లగా చూస్తాడు బిడ్డా అని సీతమ్మ దీవించింది. కట్టని నెలల వడ్డీని అసల్లో కలిపి, దానికి కూడా వడ్డీ కట్టించుకున్నారని ఇప్పుడు తెలిసింది. దీవెన వెనక్కి తీసుకునే వీలుంటే ఆమె తీసుకునేదే.

మరునాడు డ్యూటీలు లేనివాళ్లంతా కలిసి ఆఫీసు మీదకు పోయారు. మేనేజరు నవీన్‌కుమార్ కోస్తా నుంచి వచ్చినవాడు, మాట మెత్తన.

"అమ్మా, మీది ఫ్లోటింగ్ రేటండీ. మార్కెట్టును బట్టి మారుతుంటుంది. రేటు మారిన ప్రతిసారీ మెసేజి పంపించాం."

"ఇంగ్లీషుల పంపినవ్ సార్. మేము బ్యాలెన్సు మెసేజ్ అనుకున్నం" అన్నాడు తోమాసు.

"అగ్రిమెంటులో అంతా రాసుంది. మీరే సంతకం చేశారు."

"గా కట్ట ఎంత దొడ్డుగుండె సార్. ఈడ పెట్టు, ఈడ పెట్టు అని మీ పిలగాడు ఏలు చూపిస్తుంటె పెట్టుకుంట పోయినం" అన్నాడు ఐలయ్య. "చదువుతమంటె సాయంత్రం అయితది, పైసలు ఇయ్యాల రావన్నడు."

"నాకూ లోనుందండీ. నేనూ కడుతున్నాను. ఏం చేస్తాం?"

ఆ మాట అతను నిజంగానే అన్నాడు. కాని కట్టేవాడికీ కట్టించుకునే కుర్చీలో కూర్చున్నవాడికీ తేడా ఉంటుంది.

సీతమ్మ ముందుకు జరిగింది. "లెక్కలు నాకు తెల్వయ్ సార్. ఒక్కటి చెప్పు. పదేండ్ల సంది కట్టినం. మా ఇల్లు ఇప్పటికి ఎంత మాదైంది? చేత్తోని చూపియ్యి."

నవీన్‌కుమార్‌కు విసుగొచ్చింది. వీళ్లు త్వరగా పోతే చాలనుకున్నాడు. "ముందు గది వరకు మీదనుకోండమ్మా. వంటిల్లు, వెనక గది ఇంకా కంపెనీవి" అని నవ్వాడు.

అతనితో పాటు ఎవరూ నవ్వలేదు.

ఇంటికొచ్చి సీతమ్మ సత్తెమ్మను అడిగి ముగ్గు తెచ్చింది. వంటింటి గుమ్మం ముందు ఈ గోడ నుంచి ఆ గోడకు గీత గీసింది. గీతకు అవతల ఆమె పొయ్యి, ఆమె గిన్నెలు, పిల్లలను కన్న మంచం. తనది కాని ఇంట్లో పదేళ్లుగా వండుతున్నానా అనుకుని, గీత పక్కనే కూలబడి ఏడ్చింది.

సత్తెమ్మ చూసింది. ఆమెది అయిదేళ్ల కిందటి లోను. మేనేజరును అడిగి లెక్క తెలుసుకుని తన ఇంట్లోనూ గీసింది. గడప దాటి ఒక చాప పరిచేంత వచ్చింది. ఆ తర్వాత ప్రతి ఇంట్లో గీత పడింది. కరోనాలో కట్టలేక, ఆ తర్వాత కూడా కిస్తీలు తప్పిన ఒకతనికి బాకీ తీసుకున్నదానికంటే పెరిగి కూర్చుంది. అతని గీత ఇంట్లో పడలేదు, వీధిలో పడింది. కాలనీ వాళ్లు అతన్ని ఆటపట్టించబోయి, తమ తమ గీతల వైపు చూసుకున్నారు. కాగితాల్లో పదేళ్లుగా అర్థం కానిది ఆ చారెడు ముగ్గుతో అర్థమైంది.

గోరుచుట్టు మీద రోకటిపోటన్నట్టు, ఆ నెలలోనే ట్రాలీల కాంట్రాక్టు చేతులు మారింది. కొత్త కాంట్రాక్టరు యాభై దాటినవాళ్లను వద్దన్నాడు. తోమాసు పని పోయింది. సీతమ్మ ఒక్కదాని జీతం మీద కిస్తీ ఆగింది. రెండు నెలలు చూసి కంపెనీ ఐలయ్య మీద పడింది. జమానతు పెట్టినవాడివి నువ్వే గదా అని అతని ఖాతాలోంచి కోయడం మొదలుపెట్టింది.

ఆదివారం చర్చి విడిచాక కాలనీలో మీటింగు పెట్టారు. కాంట్రాక్టు కార్మికుల యూనియన్ నుంచి రాఘవేందర్ వచ్చాడు.

ఐలయ్య లేచాడు. "నీ బాకీ నా జీతంల కోస్తున్నరు తోమాసూ. నేనేం పాపం జేసిన చెప్పు."

"నేను తిని కూసున్ననా అన్నా? పని ఇడిసిపెట్టిన్నా? పీకేసిండ్రు."

"అదంత నాకేం తెలుసు? నా పిల్లల నోటికాడి కూడు పోతున్నది."

ఇద్దరూ కొట్టుకునేదాకా వచ్చారు. రాఘవేందర్ మధ్యలో నిలబడ్డాడు. "అన్నా, మీరిద్దరు కొట్టుకోవాల్ననే వాడు మీ ఇద్దరితోని సంతకాలు పెట్టించుకున్నడు. తాళం ఎయ్యడానికి వాడు రానక్కర్లేదు, పక్కింటోడే చేస్తడని వాని ధీమా. అందరం కలిసి కిస్తీలు ఆపుదాం. ఏం జేస్తడో చూద్దాం."

"ఆపితె అందరి ఇండ్లు పోతయ్" అన్నాడు ఐలయ్య.

"ఆపకుంటె ఉంటయా?" సత్తెమ్మ మొగుడి మీదే లేచింది. "తోమాసన్న పదేండ్లు కట్టిండు. ఉన్నదా? కట్టినోనిదీ పోవట్టె, కట్టనోనిదీ పోవట్టె."

"పోలీసు కేసయితె పాసు క్యాన్సిల్ చేస్తరు" అని వెనకనుంచి ఎవరో అన్నారు.

ఆ మాటతో మీటింగు చల్లబడిపోయింది. ఎయిర్‌పోర్టులో పని చేయాలంటే మెడలో పాసుండాలి. పాసు రావాలంటే పోలీసు స్టేషన్లో పేరుండకూడదు. ఇల్లు పోతే కిరాయికి ఉండొచ్చు, పాసు పోతే పొయ్యి ఆరిపోతుంది. ప్రభుత్వం లాఠీ ఎత్తక్కర్లేదు, ఆ ప్లాస్టిక్ ముక్క చాలు. కిస్తీలు ఆపుదామన్నది ఆ రోజు తేలలేదు. ఎవరి ఇంటికి తాళం వేయడానికి వచ్చినా, కట్టిన డబ్బుకు తమదైన ముక్కలో, గీత లోపల అందరూ కూర్చోవాలని మాత్రం అనుకున్నారు.

అనుకున్నది వేరు, జరిగింది వేరు. కోర్టు ఆర్డరుతో ఆఫీసరు, వెంట పోలీసులు వచ్చిన రోజు సీతమ్మ ముందు గదిలో ఆమె, తోమాసు, సత్తెమ్మ, రాఘవేందర్, పని మానేసిన నలుగురు ముసలమ్మలు ఉన్నారు. అంతే. తక్కిన కాలనీ తలుపుల వెనక నిలబడి చూసింది. ఐలయ్య తన గడపలోనే ఉన్నాడు, జేబులో పాసు పట్టుకుని.

"వంటిల్లు తీస్కోండ్రి సార్. వెనక గది తీస్కోండ్రి. ఆడ తాళమేస్కోండ్రి" అంది సీతమ్మ. "ఈ ముందు గది మాదేనని మీ మేనేజరే చెప్పిండు. దీంట్లకెంచి నేను లెవ్వ."

"ఇల్లు ముక్కలుగా ఉండదమ్మా. ఆర్డరు మొత్తం ఇంటికి" అన్నాడు ఆఫీసరు.

"మరి నేను కట్టిన పైసలు మొత్తం ఇంటికి కాదా?"

అతను పోలీసుల వైపు తిరిగి చెయ్యి ఊపాడు. ఆడ కానిస్టేబుళ్లు ఇద్దరు సీతమ్మ చంకల్లో చేతులు వేసి లాగారు. ఆమె కాళ్లకు ముగ్గు అంటుకుంది. సామాను వీధిలో పడింది. తలుపుకు తాళం, తాళానికి లక్క. వారం తిరగకముందే ఆమె పాసు, సత్తెమ్మ పాసు రద్దయ్యాయి.

సీతమ్మ, తోమాసు మైలార్‌దేవ్‌పల్లిలో ఒక రేకుల గదికి మారారు. దాని కిరాయి కిస్తీకి పెద్ద తక్కువేమీ కాదు. సీతమ్మ నాలుగిళ్లలో పాచి పనికి కుదిరింది. తోమాసు మాట్లాడటం తగ్గించాడు, చర్చికి పోవడం మానేశాడు. ఎవరైనా పలకరిస్తే, పాపం, తనే ఏదో తప్పు చేసినవాడిలా నేల చూపులు చూసేవాడు. ఆ మనిషిని అలా చూడలేక సీతమ్మ పొద్దున్నే పనికి వెళ్లిపోయేది.

ఎండాకాలం దాటాక ఐలయ్య ఫోను చేశాడు. తోమాసు బాకీ కోతకు అతని సొంత కిస్తీలు తప్పిపోయాయి.

"సీతక్కా, రేపు మా ఇంటికొస్తున్నరు. నిన్ను పిలిచే ముఖం నాకు లేదు. మీకు జరిగిననాడు నేను రాలె."

"ముఖం సంగతి తర్వాత మాట్లాడుకుందం. సత్తెమ్మను అన్నం వండి పెట్టుమను. పొద్దుగాల్నె వస్త."

తోమాసు మంచం మీద నుంచి అడిగాడు. "నువ్వు పోతే పోయిన ఇల్లు వస్తదా?"

"రాదు."

"ఐలయ్యదన్న ఉంటదా?"

"ఉండదు."

"మరి ఎందుకు పోతున్నవ్?"

సీతమ్మ తెల్లారకముందే లేచింది. చెప్పులేసుకుని బస్సెక్కింది.

కాలనీలో ఆమె చూసింది తను అనుకున్నది కాదు. ఐలయ్య ఇంటి ముందు వీధంతా జనం. ఆ రోజు తలుపుల వెనక నిలబడ్డవాళ్లే, జమానతు గొలుసులో తర్వాతి వంతు తమదేనని ఇప్పుడు తెలిసినవాళ్లు. వాళ్లతో పాటు పహాడీ షరీఫ్ నుంచి బురఖాల్లో వచ్చిన ఆడవాళ్లు. వాళ్ల ఇళ్లకూ ఇదే కంపెనీ అప్పిచ్చింది. అరుగు మీద ఒక ప్లాస్టిక్ బకెట్ ఉంది. దాని నిండా ఎయిర్‌పోర్టు పాసులు, తాళ్లతో సహా. వచ్చినవాళ్లు వచ్చినట్టే మెడలోంచి తీసి అందులో వేసి లోపలికి పోతున్నారు. అందరికంటే కింద ఐలయ్యది ఉంది. వేసేటప్పుడు కొందరి చేతులు ఆగుతున్నాయి. అయినా వేస్తున్నారు.

సీతమ్మ లోపలికి పోయి గీత కోసం నేల చూసింది. చాప పరిచేంత జాగాలో ఇంతమంది ఎలా పడతారని ఆమె బెంగ.

"గీత తుడిచేసిన అక్కా" అంది సత్తెమ్మ. "ఆలోచన చేసిన. గా గీత మనం గీసింది కాదు, నవీన్‌కుమార్ చెప్పింది. ముందు గది వరకే నీదంటె నువ్వు ఒప్పుకున్నవ్, చాపంతనే నాదంటె నేను ఒప్పుకున్న. తీసుకున్నదానికంటె ఎక్కువ గుంజుకోని, మనకే జాగా కొలిచి ఇస్తడా వాడు? ఇల్లంత మనదే. ఏడ జాగుంటె ఆడ కూసో."

సీతమ్మ నేరుగా వంటింట్లోకి పోయి పొయ్యి పక్కన కూర్చుంది.

దాచి చెప్పడమెందుకు, ఆ ఇల్లు కూడా పోయింది. పోలీసులు రెండింతలు వచ్చారు. రాఘవేందర్ తల పగిలింది. ఐలయ్యను నలుగురు పట్టి మోసుకుపోయారు. బకెట్‌ను ఇన్‌స్పెక్టరు సాక్ష్యంగా తీసుకుని పాసు మీద పాసు తీసి పేర్లు రాయించాడు. అంతమందికీ మరునాటి నుంచి పని లేదని అందరికీ తెలుసు. ఆ రోజు ఆ వీధిలో గెలిచినవాళ్లు ఎవరూ లేరు.

ఇన్‌స్పెక్టరు సీతమ్మను గుర్తుపట్టాడు. "నీ ఇల్లు ఎప్పుడో పోయింది గదా. ఇక్కడ నీకేం పని?"

"వేరే పనేముంది సార్ నాకు? పాసు తీసుకున్నరు, ఇల్లు తీసుకున్నరు. మా ఆయన నోట్ల మాట కూడ తీసుకున్నరు. ఇగ మీరు ఏ ఇంటికి తాళమేసినా ఆడనే ఉంట."

ఆమె తనంతట తనే వ్యాను ఎక్కింది. వెనకాల సత్తెమ్మ ఎక్కింది, పహాడీ షరీఫ్ ఆడవాళ్లు ఎక్కారు. వ్యాను నిండిపోయింది. మిగిలినవాళ్లను ఇళ్లకు పొమ్మన్నారు. వాళ్లు పోలేదు. రోడ్డు మీదే వరసగా కూర్చుని, రెండో వ్యాను తెప్పించమని పోలీసులను అడిగారు.